వేసవి కదా, మా పామేరియన్‌కి బొచ్చు మొత్తం తీయించేయమంటారా?

ప్రశ్న (రాజమండ్రి నుంచి)

అందరికీ నమస్కారం. మా ఇంట్లో నాలుగేళ్ల తెల్ల పామేరియన్ ఉంది. ఎండలు ముదిరినప్పటి నుంచి బాత్‌రూమ్ గచ్చు వదలడం లేదు, రోజంతా రొప్పుతూనే ఉంది. ఇల్లంతా బొచ్చు. గ్రూమింగ్ షాపులో "మిషన్ పెట్టి తీసేద్దాం, చల్లగా ఉంటుంది" అన్నారు. మా అత్తయ్యగారిదీ అదే మాట. ఆదివారం తీసుకెళ్దామనుకుంటున్నాం. కొన్నప్పుడు మూడు కిలోలు దాటదన్నారు, ఇప్పుడేమో ఏడు కిలోలుంది. పెట్టేది పెరుగన్నమే. లావైపోయిందంటారా? చాలా టెన్షన్‌గా ఉంది.

జవాబు (నెల్లూరు నుంచి)

ఆదివారం వెళ్లకండమ్మా. ఇరవై ఏళ్లుగా ఈ జాతి కుక్కల్ని పెంచుతున్నాను, గుండు మాత్రం ఎప్పుడూ చేయించలేదు.

దీని బొచ్చు రెండు పొరలు. లోపల దూదిలాంటి మెత్తటి పొర, పైన నిటారుగా నిలిచే పొడుగు వెంట్రుకలు. పై పొర ఎండ చర్మానికి తగలకుండా అడ్డుకుంటుంది. మనకైతే ఒళ్లంతా చెమట పట్టి, గాలి తగిలితే హాయిగా ఉంటుంది. కుక్కకి చెమట పట్టేది పాదాల కింద మెత్తల్లో, అదీ కొద్దిగా. ఒంట్లో వేడి ఎక్కువగా రొప్పడం వల్లే పోతుంది. అందుకే బొచ్చు తీసేసినా మనం అనుకునే చల్లదనం దానికి దక్కదు, పైగా తెల్ల కుక్కకి చర్మం ఎండకి కమిలిపోతుంది.

తీయాల్సింది లోపలి పొరలో ఊడి చిక్కుకున్న బొచ్చు. అదే గాలి ఆడనివ్వదు. స్లిక్కర్ బ్రష్ (సన్నటి వంపు తీగలుండే బ్రష్), ఇనుప పళ్ల దువ్వెన కొనండి. పాయలు పాయలుగా విడదీసి చర్మం దాకా దువ్వండి. మామూలు రోజుల్లో వారానికి మూడుసార్లు చాలు, ఊడే కాలంలో రోజూ దువ్వాలి. చెవుల వెనక, చంకల్లో, తొడల వెనక ముందుగా ఉండలు కడతాయి. ముడి పడినచోట నీళ్లు పోయకండి, ఇంకా బిగుసుకుంటుంది. పాదాల కింద, మలద్వారం చుట్టూ కత్తిరిస్తే పర్వాలేదు.

మధ్యాహ్నం ఫ్యాన్ కింద తడి గోనెసంచి పరచండి, నీళ్ల గిన్నెలు రెండుచోట్ల పెట్టండి. నడక తెల్లవారకముందు, లేదా పొద్దుగూకి రోడ్డు చల్లారాక. మీ అరచేతిని రోడ్డు మీద ఐదు సెకన్లు ఆనించలేకపోతే దాని కాళ్లూ ఆనవు.

ఒకటి గుర్తుపెట్టుకోండి. కుక్కకి మామూలు వేడి 101 నుంచి 102.5 డిగ్రీల ఫారెన్‌హీట్. 104 దాటినా, చిగుళ్లు ఎర్రబడి చొంగ కారుస్తూ తూలుతున్నా అది వడదెబ్బే. పొట్టకి, కాళ్లకి కుళాయి నీళ్లు పోసి ఫ్యాన్ గాలి తగలనిచ్చి, వెంటనే డాక్టర్ దగ్గరికి పరుగెత్తాలి. ఐసు నీళ్లు వద్దు.

జవాబు (గుంటూరు నుంచి)

అన్నగారు చెప్పింది నూటికి నూరుపాళ్లు నిజం అక్కా. రెండేళ్ల కిందట మేం షాపువాళ్ల మాట విని తీయించాం. వీపు మీద వచ్చింది కానీ తొడల మీద ఏడాదిన్నర దాకా రానేలేదు. చర్మం నల్లబడింది. థైరాయిడ్ పరీక్షలు కూడా చేయించాం, అందులో ఏమీ లేదు. ఇప్పుడు వచ్చిన బొచ్చు కూడా మునుపటిలా లేదు. ఇప్పటికీ దాన్ని చూస్తే బాధేస్తుంది.

ప్రశ్న వేసినవారు

అమ్మో, అడగడం మంచిదైంది. ఆదివారం వెళ్లడం మానేశాం. మరి బరువు సంగతి? గొలుసు లాగితే బాతు అరిచినట్టు దగ్గు కూడా వస్తోంది.

జవాబు (నెల్లూరు నుంచి)

మీది ఇండియన్ స్పిట్జ్ అయ్యుంటుందమ్మా. మన ఇళ్లలో పామేరియన్ అని పిలుచుకునేవాటిలో చాలావరకు అవే. ఇందులో చిన్న రకం 5 నుంచి 7 కిలోలు, పెద్ద రకం 12 నుంచి 20 కిలోలు ఉంటాయి. అసలు పామేరియన్ 1.4 నుంచి 3.2 కిలోలే.

రెండూ ఒకే వంశం. పామేరియన్ అన్న పేరు పామరేనియా నుంచి వచ్చింది. అది బాల్టిక్ సముద్రం ఒడ్డున ఉన్న ప్రాంతం, ఇప్పుడు కొంత పోలండ్‌లో, కొంత జర్మనీలో ఉంది. షార్లెట్ రాణి 1767లో ఇంగ్లండుకి తెప్పించుకున్న ఫీబీ, మెర్క్యురీ అనే జత ఇప్పటి పామేరియన్ల కన్నా బాగా పెద్దవి. విక్టోరియా రాణి 1888లో ఫ్లోరెన్స్‌లో మార్కో అనే చిన్న కుక్కని ముచ్చటపడి తెచ్చుకుంది. అదీ దాదాపు ఐదున్నర కిలోలు. ఆ తర్వాతే చిన్నవాటి మీద మోజు పెరిగి, తరతరానికీ ఇంకా చిన్నగా చేస్తూ వచ్చారు. మన దేశానికి తెల్లవాళ్ల కాలంలో వచ్చిన జర్మన్ స్పిట్జ్‌ల సంతతి మాత్రం ఇక్కడి వాతావరణానికి అలవాటుపడి నిలిచింది. అది మీ దగ్గరున్నందుకు సంతోషించండి.

లావో కాదో తూకం చెప్పదు. పక్కటెముకల మీద చెయ్యి ఆనించండి. తేలిగ్గా తగిలితే సరే, నొక్కి వెతకాల్సి వస్తే తగ్గించాలి. ఉత్త పెరుగన్నంలో మాంసకృత్తులు చాలవు. ఉడికించిన గుడ్డు, ఎముకల్లేని కోడిమాంసం కలపండి. ఉల్లి, వెల్లుల్లి పడ్డ సాంబారు వద్దు. పాయసంలో ఎండుద్రాక్ష ఒక్కటి కూడా వద్దు, మూత్రపిండాలు పాడవుతాయి. జ్వరమొస్తే మన పారాసెటమాల్ ఇవ్వకండి.

జవాబు (డాలస్ నుంచి)

ఆ దగ్గు గురించి నేను చెప్తానండి. మా దగ్గరున్నది రెండు కిలోల పామేరియన్. ఇలాగే దగ్గితే డాక్టర్ చూసి, గొంతులో గాలిగొట్టం మెత్తబడి అణిగిపోతోందన్నారు. చిన్న కుక్కల్లో ఇది కనిపిస్తుందట. మెడపట్టీ ఈరోజే తీసేసి, ఛాతీకి తొడిగే హార్నెస్ వేయండి. దగ్గుతున్నప్పుడు ఫోన్‌లో వీడియో తీసి డాక్టర్‌కి చూపించండి, అక్కడికెళ్లాక అది దగ్గకపోవచ్చు. సోఫా మీద నుంచి దూకనివ్వకండి, మోకాలిచిప్ప జారుతుంది. మాది అలాగే కుంటింది.

ప్రశ్న వేసినవారు

హార్నెస్ తెచ్చాం, గురువారం పశువుల ఆసుపత్రికి వెళ్తున్నాం. నిన్న దువ్వితే ఒక సంచెడు బొచ్చు వచ్చింది! చివరగా ఒకటి, గేటు దగ్గర ఎవరు కనపడినా ఆగకుండా మొరుగుతుంది. కొడితే మానుతుందంటున్నారు.

జవాబు (నెల్లూరు నుంచి)

కొట్టకండి తల్లీ. కొత్తవాళ్లు వస్తే మొరిగి చెప్పడానికే ఈ జాతిని తరతరాలుగా పెంచారు. రెండు మొరుగులు మొరగనిచ్చి, "చాలు" అని మెల్లగా అని, ఆగిన క్షణంలోనే చిన్న మాంసం ముక్క పెట్టండి. ఇంట్లో అందరూ అదే మాట వాడాలి, అత్తయ్యగారితో సహా. గురువారం వెళ్లినప్పుడు పళ్లు కూడా చూపించండి, ఈ జాతికి పళ్లు తొందరగా పాడవుతాయి. రేబిస్ టీకా తేదీ కూడా ఒకసారి చూసుకోండి.