1955 నాటి ఎమ్మెల్యే, గుంటూరు ప్లీడరు: రికార్డులు ఎక్కడ దొరుకుతాయి?

అందరికీ నమస్కారం. మా తాతయ్య గుంటూరు బ్రాడీపేటలో ప్లీడరు. 1955లో ఆంధ్ర రాష్ట్ర శాసనసభకి గెలిచారు. అప్పుడు రాజధాని కర్నూలు, హైకోర్టేమో గుంటూరు. సభ ఉంటే రైలెక్కడం, లేకపోతే కోర్టుకెళ్లడం. 1956 నవంబరులో రెండూ హైదరాబాదుకి పోయాయి. ఆంధ్ర ప్రాంతం సభ్యులకి 1957లో మళ్లీ ఎన్నికలు పెట్టలేదు కాబట్టి 1962 దాకా ఎమ్మెల్యేగానే ఉన్నారు.

ఇంట్లో మిగిలింది ఎర్రనాడా కట్టిన ఒక్క కేసు కట్ట. అట్ట మీద ఆయన చేత్తో రాసుకున్న వాయిదా తేదీలు. ఒకటి కొట్టేసి పక్కన ‘అసెంబ్లీ’ అని ఉంది. ఆ క్లయింటు ఏమనుకున్నాడో పాపం!

సభలో ఆయన ఏం మాట్లాడారో చదవాలని ఉంది. ఆనాటి శాసనసభ చర్చల సంపుటాలు విజయవాడ, గుంటూరు చుట్టుపక్కల ఏ లైబ్రరీలోనైనా ఎవరైనా చూశారా? ఇంకొకటి, లాయర్లు చెప్పాలి: అడ్వకేట్స్ చట్టం 1961లో వచ్చింది కదా, అంతకుముందు సన్నదు (వకీలుగా పనిచేయడానికి ఇచ్చే అనుమతి పత్రం) తీసుకున్నవాళ్ల వివరాలకి మద్రాసు హైకోర్టుకే రాయాలా, ఇక్కడ జిల్లా కోర్టులో పాత రిజిస్టర్లు చూడనిస్తారా? దరఖాస్తు ఎవరి పేరున పెట్టాలో చెప్పినా చాలు.