తొండ ముదిరితే ఊసరవెల్లి అవుతుందా?

మాస్టారూ, సీతమ్మధారలో మా ప్రహరీ మీద తిరిగే తొండకి తల, మెడ ఎర్రబడ్డాయి. ‘తొండ ముదిరి ఊసరవెల్లి అయినట్టు’ అంటాం కదా, ఆ సామెతలో నిజం ఎంత?

— వాడుకకేం లోటు లేదండీ. చిల్లర వేషాలవాడు పెద్ద మోసాలకి దిగాడని చెప్పడానికి అంతకన్నా మంచి మాట లేదు. జీవుల సంగతికొస్తే మాత్రం రెండూ వేరే కుటుంబాలు, ఎంత ముదిరినా తొండ తొండే. మీరు చూసింది మగది. జతకట్టే కాలంలో దాని తల, భుజాలు ఎర్రబడతాయి, గొంతు నల్లబడుతుంది. ఆ రంగు చూసే మనవాళ్లు రెండిటినీ ఒకే గాట కట్టారని నా ఉద్దేశం.

నడక చూస్తే ఎవరూ పొరబడరు. తొండ మనల్ని చూడగానే తుర్రుమంటుంది. కంబాలకొండ దారిలో నేను చూసిన ఊసరవెల్లి ఒక్కో అడుగుకీ ముందుకీ వెనక్కీ ఊగి, అప్పుడు కాలు మోపింది. వేళ్లు రెండు గుత్తులుగా కలిసి కొమ్మని పట్టకారులా పట్టేస్తాయి. ముందు కాళ్లకి లోపలివైపు మూడు వేళ్లు, బయటివైపు రెండు. వెనక కాళ్లకి ఇదే తిరగబడి ఉంటుంది. తోక కొమ్మకి చుట్టుకుంటుంది. ఒక కన్ను నన్ను చూస్తుంటే రెండోది పైనున్న ఆకులు వెతుకుతోంది! పురుగు కనబడితే రెండు కళ్లూ దానిమీదే నిలుస్తాయి, ఒంటికన్నా పొడుగైన నాలుక దూసుకొస్తుంది.

మరి ఏ చెట్టెక్కితే ఆ రంగులోకి మారిపోతుందంటారే?

— అదే నాకు బాధ కలిగించే మాట. దాని మామూలు రంగే ఆకుల్లో కలిసిపోతుంది, అంతవరకు నిజం. రంగు మారడం ఎక్కువగా ఎండకీ, చలికీ, కోపానికీ, జతకీ. మడగాస్కర్ ఊసరవెల్లి జాతి ఒకదానిమీద జెనీవా శాస్త్రవేత్తలు చేసిన పని 2015లో వచ్చింది. చర్మకణాల్లో గ్వానిన్ అనే పదార్థపు సన్నటి స్ఫటికాలుంటాయి. శాంతంగా ఉన్నప్పుడు అవి దగ్గరగా ఉండి నీలిని తిప్పికొడతాయి, చర్మంలోని పసుపుతో కలిసి ఆకుపచ్చగా కనబడుతుంది. రెచ్చగొడితే స్ఫటికాల మధ్య ఎడం పెరిగి పసుపు, ఎరుపు బయటికొస్తాయి. అంటే లోపల ఉన్నది పైకి చూపిస్తోంది. మాట మార్చేవాళ్లని దానితో పోల్చడం నాకు అన్యాయంగానే తోస్తుంది.

మా అమ్మమ్మగారి ఊళ్లో విషం ఉందని రాళ్లేస్తారండీ.

— విషం లేదమ్మా. 1972 వన్యప్రాణి రక్షణ చట్టం దానికీ వర్తిస్తుంది, పట్టుకున్నా చంపినా నేరమే. పిల్లలకి ఈ సంగతి చెప్పండి. రోడ్డు దాటుతూ కనబడితే కాసేపు బండి ఆపండి, అది పరిగెత్తలేదు.