నవ్వుతూ అన్న ‘వద్దొద్దు’

అరసున్న: ‘నవ్వు నాలుగు...’ తర్వాత అందాల చేటా, విధాల చేటా? రెండు రోజులుగా బుర్ర తింటోంది. ఇష్టపడి చక్కిలిగింతల ఆట ఆడుకునే పెద్దవాళ్ల కోసం జాగ్రత్తలు రాస్తున్నాను. ‘నవ్వినంత మాత్రాన ఒప్పుకున్నట్టు కాదు’ అనే పేరాకు శీర్షిక అది.

బండి ర: అందమంటే విధమే కదండీ. పేరా మాత్రం నిజం. ఆ నవ్వు మన చేతిలో ఉండదు, నచ్చకపోయినా వస్తుంది. ‘వద్దు’ వినగానే చెయ్యి తీసెయ్యాలని ముందే అనుకోవాలి.

ద్రుతం: ‘వద్దు’ సరే, ‘వద్దొద్దు’ సంగతేమిటి? రెట్టిస్తే మాట పలచబడుతుందని నా సిద్ధాంతం. మొదటిది ఆజ్ఞ, రెండోది ఆటలో ముచ్చట.

ఆమ్రేడితం: ఈ సిద్ధాంతంతో ఎవరి పక్కనా కూర్చోకండి. రోడ్డు మీదికి ఉరికే పిల్లాణ్ణి ‘వద్దొద్దు’ అని ఆపితే అది ముచ్చటా? పైగా అది ‘ఒద్దొద్దు’. వకారం పోతేనే అచ్చుకు అచ్చు తగిలి సంధి కుదురుతుంది.

అరసున్న: అందాలా, విధాలా?

ద్రుతం: మరి పోతన? ‘కలఁడు కలం డనెడువాఁడు కలఁడో లేఁడో’. రెండుసార్లు అనేసరికి అనుమానం పుట్టలేదూ?

బండి ర: రెట్టించింది లోకం, అనుమానపడింది ఏనుగు. మీ వాదానికి అది పనికిరాదు. ఇక్కడికి తగినది ‘లావొక్కింతయు లేదు’. ప్రాణాలు ఠావులు తప్పాక ‘వద్దు’ అనడానికైనా ఊపిరేదీ? చేత్తో రెండుసార్లు తడితే ఆపేయాలని అనుకోవాలి. చేతులు కట్టేసే ఆటైతే గుప్పిట్లో ఏదైనా ఉంచి, అది జారితే ఆపేయాలి. కట్టినవాళ్లను ఒంటరిగా వదిలి వెళ్లకూడదు.

ఆమ్రేడితం: ఆస్తమా ఉందేమో ముందే అడగాలని కూడా రాయండి. కొందరికి ‘వద్దు’ అనడమూ ఆటలో భాగమే. వాళ్లు ఆటతో సంబంధం లేని మాటొకటి ఎంచుకోవాలి, అది అనగానే ఆట బంద్.

ద్రుతం: అయితే ‘మకరి’!

బండి ర: పట్టిన కాలు వదలనిదాని పేరు ‘వదులు’ అనడానికా మాస్టారూ?

ద్రుతం: సరే, ‘కరి’. రెండక్షరాలే, ఊపిరి కూడా కలిసొస్తుంది.

ఆమ్రేడితం: నవ్వులో ఆ రేఫ పలుకుతుందంటారా?