గన్నేరు: కరవీరమా, కర్ణికారమా?

హనుమకొండ నుంచి ప్రశ్న:
పోయిన వానాకాలంలో మా ప్రహరీ పక్కన జానెడు గన్నేరు కొమ్మ గుచ్చాను. గులాబీ రంగు, ఒంటి రెక్కది. ఇప్పుడు నడుము దాటి పెరిగింది. పొద్దుగూకే వేళ దగ్గరికి వెళితే తియ్యటి వాసన. మొన్న పక్కింటి సార్, రిటైరైన తెలుగు పండితులు, గేటు దగ్గర ఆగి "సంస్కృతంలో దీన్నే కర్ణికారం అంటారయ్యా" అన్నారు. నేను చిన్నప్పటి నుంచీ కరవీరం అనే విన్నాను. ఏది కరెక్టు?

కరీంనగర్ నుంచి:
కరవీరమే, అనుమానం లేదు. అమరకోశం కరవీరానికి హయమారకం అని ఇంకో పేరు చెబుతుంది. అంటే గుర్రాన్ని చంపేది. ఆ విషం గన్నేరుదే. కర్ణికారాన్ని కొందరు కొండగోగు అంటారు, కొందరు రేల అంటారు. పైగా కుమారసంభవం మూడో సర్గలో కాళిదాసు కర్ణికారానికి అంత రంగుండీ వాసన లేదే అని నొచ్చుకుంటాడు. మీ చెట్టుకు వాసన ఉందంటున్నారు కదా. కేసు క్లోజ్.

హనుమకొండ:
అంత తొందరొద్దన్నా. కరవీరమైతే మరి 'న్న' ఎక్కడి నుంచి వచ్చింది? వర్ణం వన్నె అయింది, పూర్ణిమ పున్నమి అయింది, చూర్ణం సున్నం అయింది. ఆ లెక్కన 'ర్ణ' ఉన్నది కర్ణికారంలోనే. 12వ శతాబ్దపు హేమచంద్రుడు తన ప్రాకృత వ్యాకరణంలో కర్ణికార శబ్దానికి కణ్ణేర, కణ్ణిఆర అని రెండు రూపాలిచ్చాడు. కణ్ణేరకూ గన్నేరుకూ ఎంత దూరం? (మన వేయిస్తంభాల గుడి కట్టిన 1163 కూడా ఆ కాలమే, ఊరికే గుర్తొచ్చింది.)

కరీంనగర్:
పాలీలో కణవేర జాతకం అని ఒక బౌద్ధ కథ ఉంది, ఆ కణవేర అంటే కరవీరమే. అంటే కరవీరం కూడా ఎప్పుడో 'ణ' తగిలించుకుంది.

హనుమకొండ:
అది ఒంటి 'ణ' కదా. నాకైతే పేరు కర్ణికారానిది, చెట్టు కరవీరానిది అనిపిస్తోంది. పేర్లు చెట్లు మారడం కొత్తేం కాదు. పచ్చగన్నేరు, దేవగన్నేరు అమెరికా ఖండం నుంచి వచ్చినవి, బిళ్ళగన్నేరు మడగాస్కర్‌ది. మూడూ మనకు గన్నేర్లే. తమాషా ఏమిటంటే వృక్షశాస్త్రం కూడా నాలుగింటినీ ఒకే కుటుంబంలో వేసింది, అపోసైనేసి అని. ఏ పువ్వునైనా పట్టుకుని చూడండి, అయిదు రెక్కలూ ఒకే వైపు తిరిగి ఫ్యాన్ రెక్కల్లా ఉంటాయి. పేరు పెట్టినవాళ్లు ఇదే చూశారేమో.

జగిత్యాల నుంచి:
మాటలు సరే తమ్మీ, ఇంట్లో చిన్నపిల్లలున్నారా? పేపర్లలో వచ్చే 'గన్నేరు పప్పు' నీ చెట్టుది కాదు, పచ్చగన్నేరు కాయలోని గింజ. అక్కడ పప్పంటే కందిపప్పు కాదు, జీడిపప్పులోని పప్పు. అట్లని నీ చెట్టు మంచిదని కాదు. ఆకు, పువ్వు, కొమ్మ, వేరు, అన్నీ విషమే. రెండింటి విషమూ గుండె మీదే పనిచేస్తుంది. పిల్లలు నమిలినట్టు అనుమానమొస్తే చిట్కాలు చేస్తూ కూర్చోకుండా దవాఖానకు ఉరకాలి.

ఎండ బాగా తగలాలి, నీళ్లు నిలవొద్దు, అంతే దీని సేవ. కొత్త చిగురుకే పూస్తుంది కాబట్టి పూత అయ్యాక కత్తిరించు, గ్లౌజులు వేసుకుని. కత్తిరించిన కొమ్మల్ని పొయ్యిలో పెట్టకు, పొగ కూడా మంచిది కాదు. పచ్చి ఆకును మేక వాసన చూసి పక్కకు పోతుంది. ఎండిన ఆకు గడ్డిలో కలిస్తే మాత్రం పసులు తినేస్తాయి, ఎండినా విషం పోదు. మా అమ్మగారింట్లో ఒక దూడ అట్లనే పోయింది.

హనుమకొండ:
థాంక్సక్కా. కొమ్మలు ఎండబెట్టి బాయిలర్ కింద పెడదామనే అనుకున్నాను, మానేశాను.

నిన్న సార్‌కు ఈ చర్చంతా చదివి వినిపించాను. హేమచంద్రుడి దగ్గర ఆపి మళ్లీ చదవమన్నారు. "అయితే నేను సగం కరెక్టే కదయ్యా" అని నవ్వి, శివుడి పటానికి నాలుగు పూలు కోసుకుని, మా నల్లా కింద చేతులు రెండుసార్లు కడుక్కుని వెళ్లారు.