అమ్మకు కీళ్లవాతం, ఇప్పుడు ఆయాసం కూడా. ఇలా ఎవరికైనా వచ్చిందా?

అమ్మకు 56 ఏళ్లు. రుమటాయిడ్ ఆర్థరైటిస్ అని తేలి ఆరేళ్లయింది. వారానికోసారి మెథోట్రెక్సేట్, దాంతోపాటు ఫోలిక్ యాసిడ్, రోజూ హైడ్రాక్సీక్లోరోక్విన్ వాడుతోంది. మధ్యలో నొప్పి తగ్గిందని ఎనిమిది నెలలు అన్నీ మానేసి ఎవరో చెప్పిన పసరు తాగింది (ఎంత మొత్తుకున్నా వినలేదు). ఇప్పుడు వేళ్లు చిటికెన వేలి వైపు ఒరిగిపోయాయి. పొద్దున లేచాక గంటన్నర దాకా పిడికిలి బిగియదు. జాకెట్టు హుక్కులు కూడా నేనే పెట్టాలి.

నెల నుంచి పొడిదగ్గు, మెట్లెక్కితే ఆయాసం. ఈ జబ్బు వల్లయినా, అరుదుగా మెథోట్రెక్సేట్ వల్లయినా ఊపిరితిత్తులు దెబ్బతినొచ్చని డాక్టరుగారు ఛాతీ సీటీ స్కాన్ రాశారు. మీ ఇళ్లల్లో ఇలా జరిగితే మందు మార్చారా? తర్వాత ఆయాసం తగ్గిందా? ఒరిగిన వేళ్లకు స్ప్లింట్లు (వేళ్లను సరిగ్గా పట్టి ఉంచే పట్టీలు) గానీ ఆపరేషన్ గానీ పనికొచ్చాయా?