బ్యాచ్ గ్రూపులో ఆటలు ఉండనివ్వాలా, తీసెయ్యాలా?

తణుకు తాబేలు (చర్చ మొదలుపెట్టింది నేనే)

మాది పదో తరగతి 1994 బ్యాచ్ గ్రూపు. టెలిగ్రామ్‌లో ఉంది, 118 మంది. అడ్మిన్‌ని నేను. ఎవరూ ముందుకు రాకపోతే నా నెత్తిన పడిన పని అది. మొన్నటిదాకా గ్రూపు ఎలా ఉండేదో మీకు చెప్పక్కర్లేదు. పొద్దున్నే పువ్వు బొమ్మతో శుభోదయం, మధ్యాహ్నం ఎవరో ఫార్వర్డ్ చేసిన వీడియో, ఎవరిదైనా పుట్టినరోజైతే అరవై కేకులు.

దసరా సెలవుల్లో ఒకడు మ్యాథ్ బ్యాటిల్ అనే ఆట తెచ్చి వదిలాడు. తెర మీద 7 + 6 = 14 అని పడుతుంది. తప్పో ఒప్పో టక్కున నొక్కాలి, ఆలస్యమైతే ఔట్. అంతే ఆట. గ్రూపులో చేరాక ఒక్క ముక్క రాయనివాళ్లు కూడా బయటికొచ్చారు. మస్కట్‌లో ఉన్నవాడు, మార్టేరులో ఉన్నవాడు రాత్రి పన్నెండు దాకా ఒకడి స్కోరు ఒకడు దాటుకుంటూ కూర్చున్నారు. మా లెక్కల మాస్టారు కూడా గ్రూపులోనే ఉన్నారు, 74 ఏళ్లు. ఆయనా ఆడారు.

ఇప్పుడు అసలు సంగతి. గురువారం రాత్రి మా స్నేహితుడి నాన్నగారు పోయారు. వాడు 10.40కి గ్రూపులో పెట్టాడు. దాని కింద 10.41కి ఎవరిదో స్కోరు 86 అని పడింది. ఆ తర్వాత వరసగా ఇంకో పదకొండు స్కోర్లు, మధ్యలో వెక్కిరింతలు. పొద్దున 8.30కి నేను పైకి జరుపుకుంటూ వెళ్తే కబురు కనపడింది. అంత్యక్రియలు 9కి. ఊళ్లోనే ఉండి కూడా నలుగురమే వెళ్లగలిగాం. వాడు ఏమీ అనలేదు. ఏదైనా అని ఉంటే బాగుండేది.

ఇప్పుడు గ్రూపు రెండుగా చీలింది. మీరైతే ఏం చేస్తారు?

రిటైర్డ్ హెడ్‌క్లర్కు

తీసెయ్యండి. ఇందులో చర్చేముందండీ? నోటీసు బోర్డు కింద బల్ల వేసి క్యారమ్స్ ఆడుతుంటే నోటీసు ఎవడు చదువుతాడు? మా ఆఫీసులో రిక్రియేషన్ క్లబ్బు ఉండేది, మేడ మీద. కింద సీట్లో కూర్చుని ఎవరూ పేక కలపలేదు.

ఓరుగల్లు

సార్, మీరు పెద్దవారు. కానీ బ్యాచ్ గ్రూపు ఆఫీసు కాదు కదా. పోయిన సంక్రాంతికి మా చుట్టాల గ్రూపులో మా మేనత్తకు యాక్సిడెంట్ అయిన మెసేజ్ వచ్చింది. అప్పుడు అడ్డంపడ్డవి ముగ్గుల ఫొటోలు. లెక్కపెట్టాను, ఆ పూట 140. ముగ్గులు నిషేధిద్దామని ఎవరైనా అన్నారా? ఆట అనేసరికి అందరికీ పెద్దరికం గుర్తొస్తుంది.

కోడ్ కూలి

తీసెయ్యాలా వద్దా అనేముందు ఒకటి తేల్చుకోండి, ఆట గ్రూపులోకి ఎలా వచ్చింది? టెలిగ్రామ్‌లో రెండు దారులున్నాయి.

మెసేజ్ రాసే చోట యాట్ గుర్తు పెట్టి గేమ్‌బాట్ అని ఇంగ్లిష్‌లో టైప్ చేసి ఖాళీ వదిలితే ఆటల వరస వస్తుంది. ఒకటి నొక్కితే మెసేజ్‌లాగే గ్రూపులో పడుతుంది. 2016 అక్టోబరులో టెలిగ్రామ్ ఆటలు మొదలుపెట్టినప్పుడే ఈ పద్ధతి వచ్చింది. మ్యాథ్ బ్యాటిల్, లంబర్‌జాక్, కోర్సెయిర్స్ అప్పటివే. ఇన్‌స్టాల్ చేసేదేమీ ఉండదు, లోపల తెరుచుకునేది ఒక వెబ్ పేజీ. బాట్ (దానంతటదే జవాబిచ్చే ప్రోగ్రాము) మీ గ్రూపులో సభ్యుడు కాదు, మీ కబుర్లు దానికి వినపడవు. మొదటిసారి తెరిచేటప్పుడు మాత్రం మీ పేరు, ఐడీ ఆ పేజీకి ఇవ్వొచ్చా అని అడుగుతుంది. ఫోన్ నంబరు వెళ్లదు.

రెండో దారి బాట్‌ని గ్రూపులో సభ్యుడిగా చేర్చడం. మామూలుగా బాట్లకి ప్రైవసీ మోడ్ ఉంటుంది. స్లాష్‌తో మొదలయ్యే ఆదేశాలు, తనకిచ్చిన రిప్లైలు మాత్రమే దానికి అందుతాయి. దాన్ని అడ్మిన్ చేశారో, ప్రతి మాటా దాని యజమాని దగ్గరికి పోతుంది. చాలా బాట్లు రాగానే నన్ను అడ్మిన్ చెయ్యండి అంటాయి. మనవాళ్లు పాపం అడిగింది కదా అని చేసేస్తారు. చావు కబురు మునిగిపోవడం కంటే నాకు ఇదే పెద్ద భయం. ఎవడో ముక్కూ మొహం తెలియనివాడు మీ ఇళ్ల గొడవలన్నీ చదువుతుంటాడు.

ఇంకో తిరకాసు. ఆటలు ఆపడానికి విడిగా స్విచ్ కనపడదు. స్టిక్కర్లు, జిఫ్‌లు, ఆటలు ఒకే గాటన కట్టేశారు. ఆటలు మూస్తే బ్రహ్మానందం స్టిక్కర్లు కూడా మూతపడతాయి.

తణుకు తాబేలు

మాది మొదటి రకమేనండీ, సభ్యుడిగా ఏ బాటూ లేదు. ఇక బ్రహ్మానందాన్ని ఆపితే గ్రూపులోంచి నన్నే ఆపేస్తారు.

బిట్టు అమ్మ

మా అపార్ట్‌మెంట్ గ్రూపు సంగతి చెప్తాను. ఎవరో ఒక బాట్ లింకు పెట్టారు. రోజూ చక్రం తిప్పితే నాణేలు, ఐదుగురిని చేరిస్తే రెట్టింపు. మా బిట్టు ఎనిమిదో తరగతి. నా ఫోన్ తీసుకుని నా కాంటాక్టుల్లో 43 మందికి ఆ లింకు పంపాడు. అందులో వాడి సైన్సు టీచరు ఉన్నారు, మా అత్తగారికి బీపీ చూసే డాక్టరు గారూ ఉన్నారు. "మీ అబ్బాయి నన్ను చక్రం తిప్పమంటున్నాడు" అని ఆ టీచరు గారే ఫోన్ చేశారు. నేల చీలి లోపలికి పోతే బాగుండు అనిపించింది.

అక్కడితో అయిపోలేదు. నాణేలు డబ్బుగా మార్చుకోవాలంటే 499 రూపాయలు ఫీజు కట్టమంది. కట్టింది పిల్లాడు కాదు, మా ఆయన. ఆయన బ్యాంకులో పనిచేస్తారు. ఇది ఎవరికీ చెప్పొద్దన్నారు, అందుకే ఇక్కడ రాస్తున్నాను.

కోడ్ కూలి

ఇది పాత ఎత్తే. 2024 జనవరిలో నాట్‌కాయిన్, మార్చిలో హ్యామ్‌స్టర్ కాంబాట్ టెలిగ్రామ్‌లో వచ్చాయి. తెరను టపటపా కొడుతూ ఉంటే నాణేలు. వాటికి నిజంగానే టోకెన్లు (అమ్ముకోగలిగే క్రిప్టో నాణేలు) వచ్చాయి కానీ, ఆ సందట్లో పేరూ ఊరూ లేని బాట్లు బోలెడు పుట్టుకొచ్చాయి. విత్‌డ్రా కోసం ముందు మనల్నే కట్టమంటే అది ఆట కాదు మేడమ్. 1930కి ఫోన్ చేసి సైబర్ ఫిర్యాదు ఇవ్వండి, 499 అయినా సరే. నిజంగా క్రిప్టో వచ్చినా లాభం మీద 30 శాతం పన్నుంది, 2022 ఏప్రిల్ నుంచి.

సువాన్ నుంచి

2012లో కొత్తగా కొరియా వచ్చినప్పుడు ఇదే గొడవ ఇక్కడ చూశాను. కకావో టాక్ మన వాట్సాప్ లాంటిది. దానికి ముడిపెట్టి అనిపాంగ్ అనే ఆట వచ్చింది, జంతువుల మొహాలు మూడు కలిపితే పేలతాయి. ఒక ఆట ఒక్క నిమిషమే. ఆడాలంటే గుండె గుర్తు ఉండాలి, అయిపోతే స్నేహితులు పంపాలి. దాంతో అర్ధరాత్రి ఫోన్ టింగుమంటే మా మేనేజరు నాకు గుండె పంపి ఉండేవాడు! మొదటిసారి చూసి నాకు చెమటలు పట్టాయి. మర్నాడు లిఫ్టులో ఆయనే నా స్కోరు అడిగాడు. అప్పటికి నాలుగు నెలలుగా ఆయనకీ నాకూ మధ్య నమస్కారం తప్ప మాట లేదు. కాబట్టి నేను ఆటల వైపే. కానీ ఆట పంపించే మెసేజ్‌కి, మనిషి పంపించే మెసేజ్‌కి ఒకే టింగు ఉండకూడదు.

పాతబస్తీ చాయ్

మీ బాట్లూ వద్దు, గీట్లూ వద్దు. మా ఇంట్లో 2020 లాక్‌డౌన్ నుంచి వాట్సాప్‌లోనే హౌసీ నడుస్తోంది. ప్రతి ఆదివారం సాయంత్రం 5కి. శనివారం రాత్రే మా చిన్నక్క ఒక్కొక్కరికీ టికెట్ ఫొటో పంపుతుంది. మూడు వరసలు, వరసకి ఐదు అంకెలు, మొత్తం పదిహేను. కొందరు ప్రింట్ తీసుకుంటారు, మా అమ్మ నోటు పుస్తకంలో స్కేలు పెట్టి గీసుకుంటుంది. ఐదింటికి చిన్నక్క సంచిలోంచి బిళ్ల తీసి వాయిస్ మెసేజ్ పెడుతుంది. ఒట్టి అంకె చెప్పదు. 22కి "రెండు బాతులు", 90కి "తాతయ్య". వెనకాల కుక్కరు విజిల్ కూడా వినపడుతుంది. జల్దీ ఫైవ్ (అందరికంటే ముందు ఐదు అంకెలు) కొట్టినవాళ్లు టికెట్ ఫొటో పెట్టాలి, మా బావ ఓసారి కొట్టని అంకెని కొట్టేసి పంపి దొరికిపోయాడు.

చూడాల్సిందేంటంటే, ఆట ఉన్న గంటసేపే గ్రూపు మోగుతుంది. ఆరింటికి చిన్నక్క "అయిపోయింది" అంటే అయిపోయినట్టే. బాట్‌కి నిద్ర రాదు, వంట ఉండదు. అక్కడొచ్చింది తేడా.

రిటైర్డ్ హెడ్‌క్లర్కు

టికెట్‌కి డబ్బులున్నాయా బాబూ?

పాతబస్తీ చాయ్

మొదట్లో యాభై రూపాయలు, ఫోన్‌పేలో. 2025 ఆగస్టులో ఆన్‌లైన్ గేమింగ్ చట్టం వచ్చాక మా తమ్ముడు ఆపించేశాడు, వాడు లాయరు. నైపుణ్యమా అదృష్టమా అన్న తేడా ఆ చట్టానికి లేదట. డబ్బు కట్టి, డబ్బు వస్తుందని ఆడితే మనీ గేమే. ఆడేవాళ్లకి శిక్ష లేదు, ఆడించేవాళ్లకి మూడేళ్ల దాకా జైలు. "అక్కా, ఇక్కడ ఆడించేది నువ్వే" అన్నాడు. ఆ వారం నుంచి బహుమతి ఉస్మానియా బిస్కెట్లు. పోటీ ఏమీ తగ్గలేదు, నిజానికి పెరిగింది.

తణుకు తాబేలు

మోసం అంటే గుర్తొచ్చింది. మావాడొకడు మ్యాథ్ బ్యాటిల్‌లో 9,999 కొట్టాడు. అందరూ చప్పట్లు. మాస్టారు ఒక్కరే చప్పట్లు కొట్టలేదు, రాశారు: "లెక్కకి ఒక్క సెకను వేసుకున్నా 2 గంటల 46 నిమిషాల 39 సెకన్లు. నువ్వు 7.10కి పాలకి వెళ్లొచ్చానన్నావు. స్కోరు 7.25కి పడింది. స్టెప్స్ చూపించు." వాడికి 47 ఏళ్లు, ఇద్దరు పిల్లలు. "సారీ సార్" అని పెట్టాడు.

కోడ్ కూలి

స్కోరు లెక్కగట్టేది ఆడేవాడి ఫోన్‌లో తెరుచుకున్న పేజీయే. కాస్త తెలిసినవాడు దానిచేత అబద్ధం చెప్పించగలడు. మీ మాస్టారి లాంటి సెక్యూరిటీ మా కంపెనీలో కూడా లేదు.

ఓరుగల్లు

మేం వైకుంఠపాళి ఆడతాం. టెలిగ్రామ్‌లో పాచిక బొమ్మ ఒక్కటే పంపితే అది దొర్లి ఒక అంకె మీద ఆగుతుంది. ఆ అంకె సర్వరు వేసేది, మన చేతిలో ఉండదు. పటం ఫొటో పైన పిన్ చేసి, పావులు ఎక్కడున్నాయో మా వదిన రాస్తుంది. తక్కువ పడితే డిలీట్ చేసి మళ్లీ వేసే మహానుభావులున్నారు, అందుకే వదిన కళ్లముందు వేస్తేనే లెక్క.

రిటైర్డ్ హెడ్‌క్లర్కు

అందరూ మీ మీ ఆటల గొప్ప చెప్పుకుంటున్నారు. తాబేలు గారు అడిగింది అది కాదు. హౌసీ అయినా, పాచిక అయినా, లెక్కలైనా ఆ రాత్రి 10.40 కబురు కిందే పడేవి. దానికి జవాబు చెప్పండి.

కోడ్ కూలి

న్యాయమే. టాపిక్స్ పెట్టండి. 2022 నవంబరు నుంచి ఉన్న సౌకర్యం, ఒకే గ్రూపులో వేర్వేరు గదులన్నమాట. ఆటలకి ఒక గది, దాన్ని మ్యూట్‌లో పెట్టుకోవచ్చు. ముఖ్యమైన కబురుకి వేరే గది, అందులో అడ్మిన్లే రాస్తారు.

ఓరుగల్లు

నాకు నచ్చలేదు. వాకిట్లో ఆడుతుంటే దారిన పోయేవాడు ఆగి చూస్తాడు, కాసేపటికి వాడూ కూర్చుంటాడు. వెనక గదిలోకి పంపితే అక్కడికి ఆడేవాళ్లే వస్తారు. ఇన్నాళ్లూ ఒక్క ముక్క రాయనివాళ్లు బయటికొచ్చారని తాబేలన్నే రాశాడు. వాళ్లు గదులు వెతుక్కుంటూ రారు. వాకిలి మళ్లీ పువ్వుల బొమ్మలకే మిగులుతుంది.

బిట్టు అమ్మ

ఓరుగల్లు గారు చెప్పింది నిజమే కానీ, చావు కబురు గ్రూపులో పెడితే చాలు అని మనం ఎప్పటినుంచి అనుకుంటున్నాం? మా నాన్నగారప్పుడు మా బాబాయి సైకిలేసుకుని నాలుగు ఊళ్లు తిరిగి చెప్పాడు.

తణుకు తాబేలు

పది రోజులైంది, ఏం జరిగిందో చెప్పాలి కదా.

పెద్దకర్మకి వెళ్లాను. భోజనాలయ్యాక వాణ్ని పక్కకి తీసుకెళ్లి, ఆటలు తీసేస్తానురా, ఆ రాత్రికి సారీ అన్నాను. వాడు ఫోన్ తీసి మ్యాథ్ బ్యాటిల్ స్కోర్ల పట్టిక చూపించాడు. 86 కింద 71 ఉంది, అది వాడిదే. తొమ్మిది రాత్రులు ఐసీయూ బయట కుర్చీలో కూర్చున్నాడట. "ఎవరితోనైనా మాట్లాడితే నాన్నకెలా ఉందంటారు, చెప్పే ఓపిక లేదు. ఆడుతుంటే మీరంతా అక్కడే ఉన్నట్టుండేది, ఏమీ అడక్కుండా" అన్నాడు. నాన్న పోయాడని నర్సు వచ్చి చెప్పినప్పుడు కూడా చేతిలో ఆట తెరిచే ఉందట. 86 కొట్టినవాడి మీద కోపం లేదు గానీ, నలుగురే వచ్చారని మాత్రం బాధపడ్డాడు. దాచుకోలేదు.

అందుకని ఆట వాకిట్లోనే ఉంచాను. టాపిక్స్ పెట్టలేదు. రాత్రి 10 తర్వాత ఆట వద్దన్నాను, సగం మంది వింటున్నారు. బిట్టు అమ్మ గారి మాట పట్టుకుని ఐదుగురి పేర్లు రాసుకున్నాం. కష్టం కబురు ఏదైనా వాళ్లలో ఒకరికి ఫోన్ వెళ్తే, మిగతా నలుగురికీ చెప్పి తలా ఇరవైమంది చొప్పున ఫోన్లు చెయ్యాలి. మెసేజ్ కాదు, ఫోన్.

రిటైర్డ్ హెడ్‌క్లర్కు

ఆ ఐదుగురిలో ఆట ఆడేవాళ్లు ఎంతమంది?

తణుకు తాబేలు

నలుగురు సార్. ఐదోవారు మాస్టారు. ఆయన కూడా ఆడతారు గానీ తొమ్మిదింటికే పడుకుంటారు.

రిటైర్డ్ హెడ్‌క్లర్కు

అయితే అర్ధరాత్రి మెలకువగా ఉండేది వాళ్లే. సరే, కానివ్వండి.