షియోంగ్నులు చైనా పట్టు మీద బతికినవాళ్ళేనా?

సాగరఘోష:
స్టెపీ, అంటే గడ్డి మైదానాల సంచారులకు సామ్రాజ్యం నిలబెట్టుకునే సొంత సత్తా లేదనీ, పక్కనున్న చైనాను పిండుకుని బతికారనీ నా వాదన. చైనాకు ఉత్తరాన పశువులు మేపుకుంటూ తిరిగిన షియోంగ్నులనే చూడండి. క్రీ.పూ. 200లో బైదెంగ్ దగ్గర, చైనాను ఏలుతున్న హాన్ వంశపు చక్రవర్తి గావోజును ఏడు రోజులు చుట్టుముట్టారు. ఆ దెబ్బకు హాన్‌లు సంధికి దిగి రాకుమారిని ఇచ్చి, ఏటేటా పట్టు, ధాన్యం, మద్యం పంపడానికి ఒప్పుకున్నారు. గుర్రాలూ గొర్రెలూ ఎవరి మంద వాళ్ళకుంటుంది. ఎవరి దగ్గరా లేని పట్టును పంచగలిగినవాడే చాన్యూ, అంటే వాళ్ళ రాజు.

పాతరగట్టు:
వరస తారుమారైందండీ. బైదెంగ్‌లో ముట్టడించిన మోదు తన తండ్రిని చంపి చాన్యూ అయింది క్రీ.పూ. 209లో. సంధి క్రీ.పూ. 198లో. పట్టు బండ్లు రాకముందే రాజ్యం ఉంది! పదిమందికి, వందమందికి, వెయ్యిమందికి ఒక్కో నాయకుడు, వాళ్ళపైన 24 మంది పెద్దలు. ఏటా శరదృతువులో గుర్రాలు బలిశాక అందరూ ఒకచోట కూడితే మనుషులనూ పశువులనూ లెక్కపెట్టేవాళ్ళు. ఈ సంగతి రాసింది ఎదుటిపక్షం మనిషి, హాన్ ఆస్థానంలోని చరిత్రకారుడు సీమా చియెన్. వట్టి దోపిడీ దండుకు ఈ లెక్కలతో పనేముంది?

ఇంకోటి. తర్వాత పంపిన మరో హాన్ రాకుమారి వెంట వచ్చి షియోంగ్నుల పక్షం చేరిపోయిన జోంగ్‌హాంగ్ యుయె చాన్యూకు ఏం చెప్పాడు? హాన్ పట్టు కట్టుకుని ముళ్ళకంపల్లో గుర్రం తోలండి, చీలికలు పేలికలవుతుంది, మన ఉన్నీ తోలే గట్టివని అందరికీ తెలుస్తుంది అన్నాడు.

సాగరఘోష:
ఆ మాట నాకే సాయం. పట్టు మీద మోజు అంత ముదరకపోతే ఆయన అలా హెచ్చరించాల్సిన అవసరమేముంది? షియోంగ్నుల ఇంట్లోనే చీలికలొచ్చాక క్రీ.పూ. 51లో హుహాన్యే చాన్యూ స్వయంగా హాన్ రాజధాని చాంగాన్‌కు వెళ్ళి హాన్ చక్రవర్తికి తలవంచాడు. బంగారం, పట్టు, ధాన్యం తెచ్చుకున్నాకే మళ్ళీ నిలదొక్కుకున్నాడు.

తుంగభద్ర:
చర్చకు కాస్త పక్కదారే గానీ మనకు దగ్గర సంగతి. షియోంగ్నులు తరిమిన యుయేజీలనే మరో సంచార జాతివాళ్ళు పడమటికి పోయారు, వాళ్ళలోంచే కుషాణులు వచ్చారు. ఆ తోపులాటలో శకులు దక్షిణానికి జరిగారు. మన గౌతమీపుత్ర శాతకర్ణి శక రాజు నహపాణుణ్ణి ఓడించిన కథకు మొదలు ఆ గడ్డి మైదానాల్లో ఉంది.

పాతరగట్టు:
హుహాన్యే విషయం ఒప్పుకుంటాను. కానీ అది కూలుతున్న ఇంటికి పెట్టిన పోటు. ఇల్లు కట్టినప్పటి సంగతి వేరు. బైకాల్ సరస్సుకు ఆవల ఇవోల్గాలో తవ్వితే మట్టికట్టల వెనక ఊరు బయటపడింది. గోడ వెంట పొగగొట్టం తిప్పి వెచ్చబెట్టుకున్న ఇళ్ళు, ధాన్యం పాతర్లు, ఇనప నాగటి కర్రులు!

సాగరఘోష:
ఆ సేద్యం చైనా నుంచి పట్టుకెళ్ళిన బందీలదీ, పారిపోయి వచ్చినవాళ్ళదీ కావచ్చు కదా?

పాతరగట్టు:
కావచ్చు. అయినా ఆ గింజ పండింది షియోంగ్నుల నేలమీద, నిండింది వాళ్ళ పాతర. అది హాన్‌లు పంపిన కానుక కాదు.